లిజ్ స్మిత్‌ది చిన్న వేషమా?

అధ్యక్షులకు, నాటక మిత్రులకు నమస్కారం. పేరుపేరునా వందనాలు చెబితే తెర మీద వేయాల్సింది ఆలస్యమవుతుంది, మన్నించండి.

బ్రిటిష్ నటి లిజ్ స్మిత్ అనగానే అందరికీ ‘ది రాయల్ ఫ్యామిలీ’ అనే టీవీ కామెడీలో అమ్మమ్మే గుర్తొస్తుంది. ఆవిడ అవార్డులు వరసగా చెప్పుకుపోదామనుకున్నాను. కానీ చిన్న వేషమని పక్కన పెట్టేసే 1973 నాటి పాత్ర ఆ వరసలో రాదు. నా బాధంతా అదే.

ఆవిడ 1921లో ఇంగ్లండ్‌లోని స్కన్‌థార్ప్‌లో పుట్టారు. ఇద్దరు పిల్లల్ని ఒంటరిగా పెంచుతూనే లండన్‌లో నాటక దర్శకుడు చార్లెస్ మారోవిట్జ్ బృందంలో ఇంప్రొవైజేషన్, అంటే రాసిన మాటలు లేకుండా అప్పటికప్పుడు అల్లుకుని నటించడం, సాధన చేశారు. హామ్లీస్ దుకాణంలో బొమ్మలు అమ్ముతుండగా దర్శకుడు మైక్ లీ కబురు పెట్టారు. అలా ఆవిడ నటించిన ఆయన సినిమా ‘బ్లీక్ మూమెంట్స్’ 1971లో వచ్చింది. అప్పటికి ఆవిడకు యాభై దగ్గరపడ్డాయి.

మైక్ లీ ముందే రాసిపెట్టిన స్క్రిప్టంటూ నటుల చేతికివ్వరు. నటులు తమకు తెలిసిన మనుషుల గురించి చెప్పాలి. వాళ్లలోంచి పాత్రను పట్టుకుని నడక, మాట, బతుకు వారాల తరబడి కడతారు. పాత్రకు తెలియనిది నటికీ చెప్పరు.

అలా పుట్టిందే 1973లో బీబీసీ వేసిన మైక్ లీ టీవీ చిత్రం ‘హార్డ్ లేబర్’లో లిజ్ స్మిత్ వేసిన మిసెస్ థార్న్‌లీ. సాల్ఫర్డ్‌లో పరుల ఇళ్లు శుభ్రం చేసి, ఇంటికొచ్చి మళ్లీ చాకిరీ చేసే మనిషి. డైలాగులు బహు తక్కువ. భర్త వీపుకి మందు రుద్దే దృశ్యం చూడండి. కొత్త నటి అయితే అక్కడ ముఖంలో దుఃఖం పెడుతుంది. పెట్టగానే మన చూపు చేతుల్ని వదిలేస్తుంది, దృశ్యం చచ్చిపోతుంది. ఆవిడ రుద్దుతారు, అంతే.

ఇది చిన్న వేషమా? మీరే చెప్పండి!

‘ఎ ప్రైవేట్ ఫంక్షన్’ సినిమాకు సహాయ నటిగా బ్రిటిష్ సినిమా అవార్డు బాఫ్టా వచ్చింది. అందులో వేసింది 74 ఏళ్ల తల్లి వేషం. 1984లో ఆ సినిమా వచ్చేనాటికి ఆవిడకింకా 63 నిండలేదు.

ఇక ‘రాయల్ ఫ్యామిలీ’, 1998. స్టూడియోలో ప్రేక్షకులుండే కామెడీలో నవ్వు కోసం అర క్షణం ఆగుతారు. ఇక్కడ ప్రేక్షకులూ లేరు, వెనక నవ్వుల ట్రాకూ లేదు. ఆగితే అక్కడ గొయ్యి పడుతుంది. అందుకే ఆవిడ మాట టీవీ చూస్తూ అలవాటుగా నోరు జారినట్టుంటుంది. 2006లో అమ్మమ్మ చనిపోయే ఎపిసోడ్‌లోనూ అదే తూకం. అప్పుడు ఆవిడకు 84.

2016 డిసెంబరు 24న పోయారు. నివాళుల్లో అమ్మమ్మే నిలిచింది, మిసెస్ థార్న్‌లీ ఎక్కడో అడుగున పడిపోయింది.

వెనక లైట్లు ఆర్పండి బాబూ. సౌండ్ పెట్టకండి. అమ్మాయిలూ, మొదటిసారి ఆవిడ చేతులు మాత్రమే చూడండి.