వయసు పెరిగే డిటెక్టివ్: బ్యోమకేశ్ బక్షి కథల గురించి మావయ్యతో

మేనకోడలు: అందరికీ నమస్కారం. శ్రీకాకుళం నుంచి మాట్లాడుతున్నాం. ఈసారి డిటెక్టివ్ కథలు, అందులోనూ ఒక్క బెంగాలీ డిటెక్టివ్ కథలే: బ్యోమకేశ్ బక్షి. పక్కన మా మావయ్య ఉన్నారు. ఖరగ్‌పూర్‌లో రైల్వే ఉద్యోగం చేసి, రిటైరయ్యాక ఇక్కడికి వచ్చేశారు. నేను ఈ కథల్ని ఇంగ్లిష్‌లో చదివాను, ఆయన బెంగాలీలోనే చదివారు. మావయ్యా, మొదలుపెడదామా?

మావయ్య: పెడదాం అమ్మా. ముందు ఒక్క మాట. ఏ కథలోనూ హంతకుడెవరో నేను చెప్పను. నువ్వు నోరు జారినా ఊరుకోను. చదవని వాళ్లకి ఆ సరదా మిగలాలి.

మేనకోడలు: మాటిస్తున్నాను. అసలు మీకు బెంగాలీ ఎలా వచ్చింది?

మావయ్య: ఖరగ్‌పూర్‌కి మన వైపు నుంచి రైల్వే ఉద్యోగాలకి ఎంతమంది వెళ్లారో నీకు తెలుసు కదా. అక్కడ బజారుకెళ్తే తెలుగు వినపడకుండా ఉండదు. అందుకే చాలామందికి బెంగాలీ మాట్లాడ్డం వచ్చినా చదవడం రాదు. నాకు మాత్రం పక్క క్వార్టర్స్‌లో ఉండే బెంగాలీ ఆయన ఒక పుస్తకం చేతిలో పెట్టి, ఇది చదవడానికైనా అక్షరాలు నేర్చుకో అన్నాడు. కూడబలుక్కుంటూ మొదలుపెట్టాను. సగానికి వచ్చేసరికి కూడబలుక్కోవడం మర్చిపోయాను, కథ అలా లాక్కుపోయింది.

మేనకోడలు: అప్పటికే తెలుగు డిటెక్టివ్ నవలలు చదివేసి ఉంటారు.

మావయ్య: చదవకపోవడమేంటి! కొమ్మూరి సాంబశివరావు గారి యుగంధర్, అసిస్టెంట్ రాజు. అద్దె లైబ్రరీలో తెచ్చుకుని రాత్రికి రాత్రి పూర్తిచేసి పొద్దున్నే ఇచ్చేసేవాళ్లం, లేకపోతే రెండో రోజు అద్దె పడిపోతుంది. యుగంధర్ అంటే నాకు ఇప్పటికీ ప్రాణం. కానీ ఒకటి గమనించు, యుగంధర్‌కి వయసు రాదు. నేను చదివిన ఏ నవల తీసినా అదే చురుకు, పక్కన అదే రాజు. అగాథా క్రిస్టీ డిటెక్టివ్ పోయ్‌రోని చూడు. 1920లో మొదటి నవల వచ్చేసరికే బెల్జియం పోలీసుల్లోంచి రిటైరైన మనిషి. ఆయన ఆఖరి నవల వచ్చింది 1975లో. లెక్క వేస్తే నూరేళ్లు దాటిపోవాలి. ఆ లెక్క ఎవరూ వెయ్యరు, వెయ్యకూడదు కూడా. ఆ కథలకి అదే సరిపోయింది.

మేనకోడలు: బ్యోమకేశ్ అలా కాదు.

మావయ్య: కాదు. నేను ఇవాళ చెప్పదలుచుకున్నది అదే. ఆ కథల్లో కాలం కదులుతుంది. కుర్రాడిగా వచ్చి, పెళ్లి చేసుకుని, తండ్రై, మెల్లగా పెద్దవాడవుతాడు. చుట్టూ కలకత్తా కూడా మారిపోతుంది. ఒక్కో కథ విడిగా చదివితే పజిల్ దొరుకుతుంది. వరసగా చదివితే ఒక జీవితం దొరుకుతుంది.

మేనకోడలు: వినేవాళ్ల కోసం కొంచెం వివరాలు చెప్పేస్తాను. రాసినాయన శరదిందు బంద్యోపాధ్యాయ, 1899లో ఉత్తరప్రదేశ్‌లోని జౌన్‌పూర్‌లో పుట్టారు. లా చదివి కొన్నాళ్లు ప్రాక్టీస్ చేసి, అది వదిలేసి రచనలోకి వచ్చేశారు. బ్యోమకేశ్ మొదటి కథ 1932లో. 1970లో ఆయన పోయేనాటికి 32 కథలు పూర్తయ్యాయి, ఒకటి మధ్యలో ఆగిపోయింది. చెప్పేది బ్యోమకేశ్ స్నేహితుడు అజిత్, అతను రచయిత. ఇద్దరూ హారిసన్ రోడ్‌లో ఒకే ఇంట్లో ఉంటారు, వంటకీ పనికీ పుంటీరామ్ ఉంటాడు. తలుపు మీద బోర్డులో డిటెక్టివ్ అని ఉండదు, సత్యాన్వేషి అని ఉంటుంది. మావయ్యా, మీకు బాగా ఇష్టమైన కథ?

మావయ్య: ‘పథేర్ కాంటా’, అంటే దారిలో ముల్లు. మొట్టమొదట రాసింది అదే. కలకత్తా వీధుల్లో మనుషులు ఉన్నట్టుండి పడిపోయి చచ్చిపోతుంటారు. రోడ్డు దాటుతుంటారు, అంతే. తుపాకీ చప్పుడు ఉండదు, కత్తి పట్టుకున్నవాడు కనపడడు. పోస్ట్‌మార్టం చేస్తే గుండెలో గ్రామఫోన్ పిన్ను! పాట వినడానికి రికార్డు మీద పెట్టే పిన్ను మనిషి గుండెలోకి ఎలా వెళ్లింది? ఊరంతా టెన్షన్. అప్పుడు ఒక పెద్దాయన వణుకుతూ బ్యోమకేశ్ దగ్గరికి వస్తాడు. ఆయన్నీ కొట్టారు, కానీ బతికిపోయాడు. జేబులో గడియారం ఉంది, పిన్ను దానికి తగిలింది. ఆ పగిలిన గడియారం తీసి బల్ల మీద పెడతాడు.

మేనకోడలు: ఆ గడియారం దగ్గర నాకు ఒళ్లు జలదరించింది.

మావయ్య: ఇంకోటుంది. బ్యోమకేశ్‌కి పేపర్లో వార్తల కంటే ప్రకటనలు చదవడం ఇష్టం. ఊళ్లో నిజంగా ఏం జరుగుతోందో ప్రకటనల్లోనే ఉంటుందంటాడు. వాటిలో ఒకటి ప్రతి వారం వస్తోంది. దారిలో ముల్లు తీసేయించుకోవాలనుకునేవాళ్లు శనివారం సాయంత్రం ఐదున్నరకి ఫలానా దుకాణం మూల దీపస్తంభం మీద చెయ్యి వేసి నిలబడాలి, అని. ఎవడికైనా పిచ్చి ప్రకటనలా కనపడుతుంది. అతను ఆ ముక్కని పట్టుకుంటాడు. పిన్ను ఎక్కణ్ణుంచి వస్తోంది అన్నదానికి జవాబు కూడా ఆ రోడ్డు మీదే, మన ఎదురుగానే ఉంటుంది. ఇంతకంటే చెప్పను.

మేనకోడలు: చెప్పకండి. అయితే నేనొకటి అడగాలి. మీరు మెచ్చుకుంటున్నది పజిల్‌నే కదా? నాకూ మొదటి కథలే ఎక్కువ నచ్చాయి. తర్వాత వచ్చినవి నెమ్మదిగా నడుస్తాయి. మనుషులు ఎక్కువ, మాటలు ఎక్కువ, హత్య ఎప్పుడో సగంలో జరుగుతుంది.

మావయ్య: నెమ్మదిగా నడుస్తాయి, నిజమే. నీ వయసులో నాకూ మొదటివే ఎక్కువ. కానీ ‘పథేర్ కాంటా’లో బ్యోమకేశ్ గురించి నీకేం తెలుసు చెప్పు? తెలివైనవాడు, అంతే. తల్లెవరు, తండ్రెవరు, ఎలా పెరిగాడు, ఏమీ తెలియదు. అది ఎప్పుడు తెలుస్తుందో గుర్తుందా? ‘ఆదిమ్ రిపు’లో. అంటే ఇరవై ఏళ్లు దాటాక. తండ్రి బడిలో లెక్కల మాస్టారని, పదిహేడేళ్ల వయసులో తల్లీ తండ్రీ ఇద్దరూ క్షయతో పోయారని, స్కాలర్‌షిప్‌తో చదువుకున్నాడని అప్పుడు చెప్తాడు. అన్నేళ్లు కలిసున్న స్నేహితుడు ఒక రాత్రి తన సంగతి తనే చెప్పుకుంటే ఎలా ఉంటుంది? మొదటి కథలోనే చెప్పేసి ఉంటే అది బయోడేటా అయ్యేది.

మేనకోడలు: అది ఒప్పుకుంటాను. సత్యవతి సంగతి కూడా అలాంటిదే.

మావయ్య: ఆ, సత్యవతి! ‘అర్థమనర్థం’లో వస్తుంది. ఆమె అన్న మీద హత్యానేరం పడుతుంది. చామనఛాయ, సన్నటి మనిషి, అందగత్తె అని ఎవరూ అనరు. అన్నని కాపాడమని బ్యోమకేశ్‌ని అడుగుతుంది. కేసు తేలుతుంది, అతను ఆమెనే పెళ్లి చేసుకుంటాడు. అప్పటి డిటెక్టివ్‌లకి పెళ్లాం పిల్లలు ఉండేవాళ్లు కాదమ్మా. హోమ్స్‌కి లేరు, పోయ్‌రోకి లేరు. పెళ్లయితే రాత్రిళ్లు తిరగడం కుదరదనో ఏమో. శరదిందు బాబు మాత్రం ధైర్యం చేశాడు.

మేనకోడలు: చేసి ఆపేశారు కదా మరి!

మావయ్య: ఆపేశాడు. 1938లో సినిమా కథలు రాయడానికి బొంబాయి వెళ్లిపోయాడు, బాంబే టాకీస్‌కి. మొత్తమ్మీద దాదాపు పదిహేనేళ్లు బ్యోమకేశ్ లేడు. కోనన్ డాయిల్ 1893లో హోమ్స్‌ని జలపాతంలో పడేసి, 1903లో బతికించి తేవాల్సి వచ్చింది. మన శరదిందు బాబు హీరోని చంపలేదు, పెళ్లి చేసి ఇంటికి పంపాడు. మళ్లీ రాయడం మొదలుపెట్టినప్పుడు, అంటే 1950 దాటాక, ‘చిత్రచోర్’ ఎలా మొదలవుతుందో చెప్పనా? బ్యోమకేశ్ జబ్బు చేసి లేచాడు. గాలి మార్పు కోసం సంతాల్ పరగణాలకి వచ్చారు. సత్యవతి గాజు కప్పులో దానిమ్మరసం పట్టుకుని అతని కుర్చీ పక్కన నిలబడుతుంది. వద్దంటాడు, ఆమె వినదు. పదిహేనేళ్ల తర్వాత డిటెక్టివ్ తిరిగొచ్చింది తుపాకీతో కాదు, భార్య ఇచ్చే దానిమ్మరసంతో! అది చదివినప్పుడు నాకు ఎంత సంతోషం వేసిందో చెప్పలేను. పోయిన మనిషి ఇంటికొచ్చినట్టు ఉంది.

మేనకోడలు: ఆ మధ్యలోనే కదా యుద్ధం, 1943 కరువు, అల్లర్లు...

మావయ్య: అన్నీ ఆ ఖాళీలోనే. కానీ వదిలెయ్యలేదు, ‘ఆదిమ్ రిపు’లో వెనక్కి వెళ్లి పట్టుకున్నాడు. 1946 అల్లర్ల కలకత్తా అది. యుద్ధంలో బ్లాక్‌మార్కెట్ డబ్బు చేసుకున్న ఒకడు కాళీపూజ రాత్రి బాల్కనీలో నిలబడి బాణసంచా చూస్తున్నాడు. ఊరంతా టపాకాయలు పేలుతున్నాయి. ఆ చప్పుళ్లలో ఒకటి తుపాకీది. ఎవరు వింటారు? ఆ కథ 1947 ఆగస్టు దాకా సాగుతుంది. దేశానికి స్వాతంత్ర్యం వచ్చే రాత్రి బ్యోమకేశ్ ఒక నిర్ణయం తీసుకుంటాడు. చట్టం ఒప్పుకునే నిర్ణయం కాదు అది. నాకైతే అదే సరైనది అనిపించింది, నువ్వేమంటావో?

మేనకోడలు: నాకు ఇప్పటికీ తేలలేదు. నేరం నేరమే కదా అనిపిస్తుంది. కానీ అతని స్థానంలో నేనుంటే ఏం చేసేదాన్నో తెలియదు. మావయ్యా, బెంగాలీలో భాష సంగతి కూడా చెప్పండి, ఇంగ్లిష్‌లో అది కనపడదు.

మావయ్య: మొదటి కథలు సాధుభాషలో ఉంటాయి, మన గ్రాంథికం లాంటిది. నాలాగా మాట్లాడే బెంగాలీ మాత్రమే వచ్చినవాడికి క్రియాపదాలన్నీ పొడుగ్గా కనపడి తికమక పెడతాయి. తర్వాతి కథలకి వచ్చేసరికి వాడుక భాషలోకి మారిపోయాడు. చూడు, డిటెక్టివ్‌కి వయసొచ్చింది, ఊరు మారింది, కథ చెప్పే భాష కూడా మారింది. మన పర్వతాలపేటలో పుట్టిన గిడుగు రామమూర్తి పంతులు గారు వాడుక భాష కోసం జీవితమంతా పోట్లాడారు. ఆ మార్పు ఒకే రచయిత, ఒకే హీరో కథల్లో కళ్లముందు జరుగుతుంటే చూడ్డం నాకు మహా ఆనందంగా ఉండేది.

మేనకోడలు: టీవీలో చూసినవాళ్లు కూడా చాలామంది ఉంటారు.

మావయ్య: 1993లో దూరదర్శన్‌లో వచ్చింది. బాసు ఛటర్జీ తీశారు, బ్యోమకేశ్‌గా రజిత్ కపూర్, అజిత్‌గా కె.కె. రైనా. ఆ పంచె, మాట్లాడకుండా వినే పద్ధతి, అదీ బ్యోమకేశ్ అంటే. సత్యజిత్ రాయ్ 1967లోనే ఉత్తమ్ కుమార్‌తో ‘చిడియాఖానా’ తీశాడు. నా ఓటు మాత్రం రజిత్ కపూర్‌కే.

మేనకోడలు: ఇంకొకటి మీరు ఎప్పుడూ అంటుంటారు, డిటెక్టివ్ కథలంటే మనవాళ్లకి చిన్నచూపని.

మావయ్య: చిన్నచూపే. బెంగాలీ రచయిత శరత్‌ని తెలుగువాడే అనుకునేంతగా చదివాం కదా, మరి శరదిందు పేరు ఎంతమందికి తెలుసు? ఈయన ‘తుంగభద్రార్ తీరే’ అని ఒక చారిత్రక నవల రాశాడు. కళింగ రాజకుమారి విజయనగర రాజు దేవరాయల్ని పెళ్లాడ్డానికి పడవల మీద బయలుదేరుతుంది. కళింగమంటే మన వైపే! దానికి 1967లో రవీంద్ర పురస్కారం ఇచ్చారు. అదే చెయ్యి, అదే శ్రద్ధ, బ్యోమకేశ్ కథల్లోనూ ఉంది. నాకు పుస్తకాలిచ్చినాయన ఇంట్లో రెండూ ఒకే అరలో ఉండేవి. మన దగ్గర యుగంధర్ నవలలు పరుపు కింద ఉండేవి, అద్దె కట్టి చదివి, పెద్దవాళ్లకి కనపడకుండా దాచేవాళ్లం. ఎన్ని పోయాయో, అట్టలు చిరిగి ఎన్ని చిత్తుకాగితాల్లో కలిసిపోయాయో. కారా మాస్టారు, అదే కథకుడు కాళీపట్నం రామారావు గారు, మన ఊళ్లో 1997లో తెలుగు కథల కోసం కథానిలయం అనే లైబ్రరీ పెట్టి, ఒక్కో పాత పత్రికనీ వెతికి తెచ్చారు. డిటెక్టివ్ నవలలకి కూడా ఎవరో ఒకరు అలా నడుం కట్టాలి. ఎవరి ఇంట్లో అయినా అటక మీద పాత కొమ్మూరి పుస్తకం ఉంటే పారెయ్యకండి, మాకొక్క మాట చెప్పండి.

మేనకోడలు: నేనూ అదే అడుగుతున్నాను. చివరి కథల్లో అజిత్ చెప్పడం మానేస్తాడు కదా, అది మీకు బాధగా లేదా?

మావయ్య: లేకేం. పుస్తకాల వ్యాపారంలో పడిపోయాడంటారు, ఇక కథని రచయితే నేరుగా చెప్తాడు. కథ బాగానే ఉంటుంది, ఇల్లు మాత్రం బోసిపోయినట్టుంటుంది. సత్యవతీ అజిత్ దెబ్బలాడుకుంటుంటే బ్యోమకేశ్ పేపరు అడ్డం పెట్టుకుని వినేవాడు, ఆ సందడి తగ్గిపోయింది. ఆఖరిది ‘విశుపాల్ వధ’ సగంలో ఆగిపోయింది. ఆ సగం నేను ఒక్కసారే చదివాను, మళ్లీ ముట్టుకోలేదు.

మేనకోడలు: కొత్తగా చదివేవాళ్లు ఎక్కడ మొదలుపెట్టాలి?

మావయ్య: ‘సత్యాన్వేషి’. రాయడంలో మూడోది, కానీ కథలో అజిత్ బ్యోమకేశ్‌ని మొదటిసారి కలిసేది అందులోనే. కలకత్తాలో ఒక మెస్సు, చుట్టుపక్కల వరసగా హత్యలు, గది కావాలంటూ వేరే పేరుతో వచ్చే ఒక కుర్రాడు. దాని తర్వాత ‘పథేర్ కాంటా’, ఆ తర్వాత వరసగా వెళ్లిపోవడమే. దొరికింది కదా అని ‘చిత్రచోర్’ ముందు తెరవకండి. ఆ దానిమ్మరసం ఎవరిస్తున్నారో, ఎందుకు వద్దనలేకపోతున్నాడో తెలియాలంటే ‘అర్థమనర్థం’ ముందు పూర్తయి ఉండాలి.