ఒక్క అక్షరం మాట: ‘మా’

సభకు నమస్కారం.

ఇంట్లో ఒక్కడే కొడుకైనా ‘మా అమ్మ’ అనే అంటాడు. ‘నా అమ్మ’ అంటే సినిమా డైలాగులా ఉంటుంది. ‘మా ఆవిడ’ అనొచ్చు గానీ, నలుగురిలో ‘మన ఆవిడ’ అన్నామా, ఆ రాత్రికి భోజనం ఉండదు! ఎదుటివాళ్లను కలుపుకుంటే ‘మన’, కలుపుకోకపోతే ‘మా’. తమిళం ఈ తేడాను నిలుపుకుంది, నేటి కన్నడం వదిలేసుకుంది. తెలుగుకు చుట్టాలైన గోండీ, కూయి భాషల్లో మాత్రం ‘మా’ అంటే అచ్చం మన ‘మా’యే.

ఇప్పుడు ఫారసీకి వెళ్దాం. అక్కడ ‘మా’ అంటే మేము, మనం కూడా. వినగానే చుట్టరికం కలిపేయాలనిపిస్తుంది. తొందరపడకండి. ప్రాచీన పారశీక శాసనాల్లో దాని పాత రూపం ‘అమాఖమ్’. సంస్కృతంలోని ‘అస్మాకం’కు అది తోబుట్టువు. అరిగి అరిగి ‘మా’ అయింది. మనది వేరే దారి. మన పాత కావ్యాల్లో మేముకు ‘ఏము’ అనే రూపముంది, పాత తమిళంలో ‘యామ్’. వేర్వేరు ఊళ్ల నుంచి వచ్చినవాళ్లు ఒకే స్టేషన్లో దిగినట్టే ఇది.

ఇలాంటివి ఇంకా ఉన్నాయి. ఇటాలియన్‌లో ‘మా’ అంటే ‘కానీ’. లాటిన్‌లో ‘ఎక్కువ’ అని చెప్పే ‘మాగిస్’ నుంచి వచ్చింది. హంగేరియన్‌లో ‘ఇవాళ’. చైనీస్‌లో పలికే స్వరాన్ని బట్టి అమ్మ, గుర్రం, తిట్టడం.

నాకు మాత్రం సంస్కృతం ‘మా’యే ఇష్టం. అది ‘వద్దు’ అని చెప్పే మాట. లక్ష్మీదేవి పేరు కూడా. మాధవుడంటే ‘మా’కు భర్త. ఈ రెండర్థాలూ, క్రౌంచపక్షుల జంటలో ఒకదాన్ని చంపిన బోయవాణ్ణి చూసి వాల్మీకి పలికిన శ్లోకంలో ఢీకొన్నాయి. ‘మా నిషాద ప్రతిష్ఠాం త్వమగమః’ అంటే, బోయవాడా, నీకు ఎన్నటికీ నిలకడ లేకుండుగాక అని శాపం. ఆదికావ్యానికి శాపంతో మొదలా అని వ్యాఖ్యాతలకు మనసొప్పలేదు. ‘మానిషాద’ అని కలిపి చదివి, లక్ష్మికి నివాసమైనవాడా అని విష్ణువును పిలిపించారు. అప్పుడు క్రౌంచాల జంట రావణుడూ మండోదరీ అయ్యారు. కామంతో ఒళ్లు మరిచిన రావణుణ్ణి చంపి శాశ్వత కీర్తి పొందావని మంగళం పాడారు.

మరీ లాగి చెప్పారనిపిస్తుంది కదూ? కానీ వ్యాకరణం వాళ్లకు కాస్త ఆసరా ఇస్తుంది. నిషేధం చెప్పే ‘మా’ (వ్యాకరణంలో దాన్ని ‘మాఙ్’ అంటారు) పక్కనుంటే క్రియకు ముందు ‘అ’ రాకూడదని పాణిని సూత్రం. శ్లోకంలో ఉన్నది ‘గమః’ కాదు, ‘అగమః’.