పదమూడు ఫైనల్స్, పదమూడు కప్పులు

అందరికీ నమస్కారం.

ఈ స్విట్జర్లాండ్ దేశంలో స్థిరపడ్డ మన తెలుగువాళ్లలో చాలామందికి ఇక్కడి ఫుట్‌బాల్ అంటే బాసెల్ పేరు తెలుసు, బెర్న్ యంగ్ బాయ్స్ పేరు తెలుసు. పిల్లలున్న ఇళ్లలో ఆటగాడు షకీరి పేరు తెలియనివాళ్లు ఉండరు. ఎవరు ఛాంపియన్ అయ్యారో పేపర్లో చూస్తాం, అంతటితో వదిలేస్తాం. నేను ఇవాళ లీగ్ గురించి మాట్లాడను. స్విస్ కప్ గురించి మాట్లాడతాను. ఈ దేశం మనసు ఎలా ఉంటుందో నాకు కాస్తో కూస్తో అర్థమైందంటే ఆ కప్ వల్లే.

ముందు కప్ ఎలా నడుస్తుందో చెప్పుకుందాం. 1925-26లో మొదలైంది. ఏటా ఆగస్టులో మొదటి రౌండ్. 64 జట్లు. పెద్ద డివిజన్ల క్లబ్బులతో పాటు, జిల్లా స్థాయిలో ఆడి నెగ్గుకొచ్చిన ఊరి జట్లు కూడా అందులో ఉంటాయి. ఒక్కటే మ్యాచ్. ఓడితే ఇంటికే. ఇక అన్నిటికన్నా నాకు నచ్చే నియమం ఏమిటంటే, పై డివిజన్ జట్టుకీ కింది డివిజన్ జట్టుకీ మ్యాచ్ పడితే, అది కింది జట్టు సొంత మైదానంలోనే జరగాలి. పెద్దవాళ్లే బస్సెక్కి చిన్నవాళ్ల ఊరికి రావాలి.

లీగ్‌లో ఇరవై ఏళ్లపాటు, 2003 నుంచి 2023 దాకా, పై డివిజన్‌లో పదే జట్లు. ఒక్కో జట్టుతో సీజన్‌కు నాలుగేసి సార్లు ఆడాలి. మొత్తం 36 మ్యాచ్‌లు. అన్ని మ్యాచ్‌లు ఆడితే డబ్బున్నవాడు, బెంచీ మీద మంచి ఆటగాళ్లున్నవాడు పైకి తేలతాడు. బాసెల్ 2010 నుంచి 2017 దాకా వరసగా ఎనిమిదిసార్లు ఛాంపియన్ అయింది. అది బాసెల్ తప్పు కాదు, బాగా ఆడారు. కానీ మిగతా ఊళ్లవాళ్లు ఆశ ఎక్కడ పెట్టుకోవాలి? కప్ మీద పెట్టుకున్నారు.

నేను చూసిన మొదటి కప్ మ్యాచ్ స్టేడియంలో కాదు. ఆఫీసులో నా పక్క సీటాయన వాళ్ల ఊరికి తీసుకెళ్లాడు. ఒక గోల్‌పోస్టు వెనకే మొక్కజొన్న చేను. బంతి అటు పోయినప్పుడల్లా ఇద్దరు ముగ్గురు పిల్లలు చేలోకి దూరి తెచ్చేవాళ్లు. గ్యాలరీ లేదు, మైదానం చుట్టూ తాడు కట్టారు, తాడుకి ఇవతల మనం, అవతల ఆట. క్లబ్ తరఫున ఊరివాళ్లే సాసేజ్‌లు కాలుస్తున్నారు. గోల్‌కీపర్ ఎలక్ట్రీషియన్, వారం రోజుల కింద మా స్నేహితుడి ఇంట్లో స్విచ్‌బోర్డు బాగుచేసినవాడు. వచ్చింది పై డివిజన్ జట్టు. ఏడు గోల్స్ పడ్డాయి. ఒక్కో గోల్‌కీ ఊరు ఊరంతా నవ్వేసి చప్పట్లు కొట్టింది. డెబ్బయ్యో నిమిషం దాటాక ఊరి జట్టుకు ఒక కార్నర్ దొరికింది. గుంపులో ఎవరి తలకో తగిలి బంతి లోపలికి పోయింది. మైకులో చెప్పే ఆయన గోల్ కొట్టిన కుర్రాడి పేరు మూడుసార్లు చదివాడు. మూడోసారి గొంతు పెగల్లేదు. తాడు పట్టుకుని నిలబడ్డ నాకూ కళ్లు చెమర్చాయి. ఆ కుర్రాడెవరో నాకు తెలియదు. ఆ రోజు నుంచి నేను కప్ వదల్లేదు.

ఇక సియోన్ సంగతికి వస్తాను. వాలే కాంటన్‌లో, అంటే వాలే రాష్ట్రంలో, ఉన్న ఊరు అది. ఆ ఊరి క్లబ్ పేరూ అదే. రోన్ నది లోయ, రెండు వైపులా కొండలు, ఏటవాలున ద్రాక్షతోటలు, జులైలో రోడ్డు పక్కన బుట్టల్లో ఆప్రికాట్లు. ఊరి మధ్యలో రెండు గుట్టలు, ఒకదాని మీద పాడుబడ్డ టూర్బియోన్ కోట. స్టేడియం పేరు కూడా అదే. లీగ్‌లో ఆ క్లబ్ ఛాంపియన్ అయింది రెండేసార్లు, 1992లో, 1997లో. మామూలు లెక్కలో మామూలు క్లబ్. కానీ కప్‌లో చూడండి. 1965లో మొదటి ఫైనల్, జెనీవా క్లబ్ సెర్వెట్ మీద గెలుపు. తర్వాత 1974, 1980, 1982, 1986, 1991. తర్వాత 1995, 96, 97 వరసగా మూడు. 2006, 2009, 2011, 2015. పదమూడుసార్లు ఫైనల్‌కు వెళ్లారు, పదమూడుసార్లూ గెలిచారు. ఒక్కసారి కూడా ఓడలేదు.

ఊరికే గెలవడం కూడా కాదు. 1991లో యంగ్ బాయ్స్ మీద 0-2తో వెనకబడి 3-2తో గెలిచారు. 1996లో సెర్వెట్ మీద మళ్లీ అదే, 0-2 నుంచి 3-2. 2009లో మళ్లీ యంగ్ బాయ్స్ మీద, మళ్లీ 0-2 నుంచి 3-2. ఒకసారైతే అదృష్టం అనుకోవచ్చు. మూడుసార్లు జరిగితే అదృష్టం అనడానికి నాకు నోరు రాదు. ఫైనల్ రోజున వాలే లోయ దాదాపు ఖాళీ అయి, రైళ్లలో బెర్న్‌కు తరలిపోయేది. ఆ రైళ్లలో వచ్చినవాళ్ల ముందు రెండు గోల్స్ వెనకబడి చేతులెత్తేయడం ఆ ఆటగాళ్ల వల్ల కాలేదని నా నమ్మకం.

2006 ఫైనల్ అయితే ఇంకా పెద్ద విశేషం. ఈస్టర్ సోమవారం, బెర్న్‌లో కొత్తగా కట్టిన స్టేడియం, ఎదురుగా ఆ ఊరి యంగ్ బాయ్స్. సియోన్ అప్పుడు రెండో డివిజన్‌లో ఉంది. 1-1తో సమానమైతే పెనాల్టీల్లో గెలిచారు. రెండో డివిజన్ క్లబ్ కప్ ఎత్తడం ఈ దేశంలో అదే మొదటిసారి.

యంగ్ బాయ్స్ అభిమానుల బాధ కూడా చెప్పాలి. 1987లో కప్ గెలిచాక 2020 దాకా వాళ్లకు మళ్లీ దక్కలేదు. ముప్పై మూడేళ్లు. మధ్యలో నాలుగు ఫైనల్స్ ఓడారు, నాలుగూ వాళ్ల ఊళ్లోనే. స్విస్ జర్మన్‌లో 'ఫెర్‌యంగ్‌బాయ్‌జెన్' అని ఒక క్రియాపదమే పుట్టింది. చేతికందిన ముద్ద నోటికి అందకుండా జారవిడుచుకోవడం అని దాని అర్థం. ఒక క్లబ్ పేరు అలా నిఘంటువు మాటగా మారిపోతే దాని అభిమానికి ఎలా ఉంటుంది? 2020 ఆగస్టు 30న చివరికి బాసెల్ మీద 2-1తో గెలిచారు. కరోనా రోజులు, స్టేడియంలో నిండుగా జనం లేరు. ముప్పై మూడేళ్లు ఎదురుచూసి, ఆ రోజు ఇంట్లో టీవీ ముందు కూర్చోవాల్సి వచ్చినవాళ్లను తలుచుకుంటే నాకు ఇప్పటికీ మనసు అదోలా అవుతుంది.

మళ్లీ సియోన్. వాలే కాంటన్ జెండా చూసే ఉంటారు. సగం తెలుపు, సగం ఎరుపు, మీద పదమూడు నక్షత్రాలు, పదమూడు జిల్లాలకు గుర్తుగా. 2015 జూన్‌లో ఫైనల్ బాసెల్‌తో, బాసెల్ సొంత స్టేడియంలోనే పడింది. ఏటా లీగ్ గెలుస్తున్న జట్టు, సొంత గడ్డ. సియోన్ 3-0తో గెలిచింది. పదమూడో కప్, జెండాలో పదమూడో నక్షత్రం. ఆ వేసవిలో నేను ఆ ఊరు వెళ్తే, బేకరీ అద్దం మీద కూడా 13 అని రాసి ఉంది.

2017లో పద్నాలుగో ఫైనల్. జెనీవాలో, మళ్లీ బాసెల్‌తో. ఈసారి 0-3. యాభై రెండేళ్ల తర్వాత మొదటి ఓటమి. నేను టీవీలో చూశాను. మూడో గోల్ పడ్డాక కెమెరా ఎరుపు-తెలుపు గ్యాలరీ మీదికి తిరిగింది. ఒక పెద్దావిడ మెడలో కండువా సర్దుకుంటూ నిలబడి ఉంది. ఫైనల్ ఓడాక ఏం చేయాలో ఆ ఊళ్లో ఎవరికీ అలవాటు లేదు. ఆ సంగతి ఆమె ముఖంలో కనిపించింది.

సియోన్ కథలో చేదు కూడా ఉంది, దాచను. 2011లో కప్ గెలిచి, యూరప్ క్లబ్బుల పోటీ అయిన యూరోపా లీగ్ క్వాలిఫయింగ్‌లో స్కాట్లండ్ జట్టు సెల్టిక్‌ను ఓడించారు. కానీ 2008లో ఈజిప్టు గోల్‌కీపర్ ఎసామ్ ఎల్-హదరీని తెచ్చుకున్న తీరు మీద ఫిఫా పెట్టిన నిషేధం ఒకటి నడుస్తోంది, కొత్త ఆటగాళ్లను తీసుకోకూడదని. అది ముగిసిందని క్లబ్, ముగియలేదని ఫిఫా. క్లబ్ కొత్తవాళ్లను ఆడించింది. సెల్టిక్‌తో ఆడిన రెండు మ్యాచ్‌లూ ఓటమిగా మారాయి, యూరప్ నుంచి వెళ్లగొట్టారు, కోర్టులకెక్కారు. లీగ్‌లో 36 పాయింట్లు కోసేశారు. నా ఉద్దేశంలో ప్రెసిడెంట్ క్రిస్టియన్ కాన్‌స్టాంటిన్ మొండిపట్టు ఆ ఏడాది క్లబ్ ప్రాణం మీదికి తెచ్చింది. చివరికి ప్లే-ఆఫ్‌లో ఆరావ్ జట్టును ఓడించి డివిజన్ నిలబెట్టుకున్నారు.

అదే 2011 ఫైనల్లో ఓడినవాళ్ల సంగతి? నెషటెల్ ఊరి గ్జామాక్స్ క్లబ్. లీగ్‌లో 1987, 88 వరసగా ఛాంపియన్లు. కప్ ఫైనల్స్ మాత్రం 1974, 1985, 1990, 2003, 2011. అయిదు ఆడారు, అయిదూ ఓడారు. అందులో మొదటిదీ చివరిదీ సియోన్ చేతిలోనే. 2006లో ప్లే-ఆఫ్‌లో గ్జామాక్స్‌ను రెండో డివిజన్‌కు పంపి ఆ చోటు తీసుకున్నదీ సియోనే. 2011లోనే ఆ క్లబ్‌ను ఒక విదేశీ యజమాని కొన్నాడు. 2012 జనవరికల్లా దివాలా.

ఆ పేరు వెనక ఒక ముచ్చట ఉంది. మాక్స్ అబెగ్లెన్ అని నెషటెల్‌లో పుట్టిన గొప్ప ఆటగాడు. మాక్స్ అనే పేరును వెనక నుంచి చదివి స్నేహితులు గ్జామ్ అని పిలిచేవాళ్లు. క్లబ్ పేరు ఆయన నుంచే వచ్చింది. 1926లో మొట్టమొదటి స్విస్ కప్ గెలిచింది జ్యూరిక్ గ్రాస్‌హాపర్ క్లబ్, ఆ రోజుల్లో ఆయన ఆడింది ఆ క్లబ్‌కే. మొత్తం 19 కప్పులతో ఇప్పటికీ అందరికన్నా ముందున్నదీ ఆ క్లబ్బే. ఆయన పేరు పెట్టుకున్న క్లబ్‌కు మాత్రం ఇంతవరకు ఒక్క కప్ కూడా రాలేదు. గ్జామాక్స్ ఎప్పుడైనా ఫైనల్‌కు వస్తే, ఎదుట ఎవరున్నా సరే, నేను నెషటెల్ వైపే కూర్చుంటాను.

మన జ్యూరిక్ సంగతి ఒకటి. 2016 మే నెల. ఎఫ్‌సీ జ్యూరిక్ లీగ్ చివరి రోజు వాడూజ్ మీద గెలిచింది, అయినా దిగువ డివిజన్‌కు పడిపోయింది. అదే సాయంత్రం లుగానో కూడా గెలిచి ఒక్క పాయింట్ తేడాతో బతికిపోయింది. నాలుగు రోజులకు కప్ ఫైనల్. ఎవరికెవరికి? జ్యూరిక్‌కు, లుగానోకు. లెట్సిగ్రుండ్‌లో, సొంత మైదానంలో. జ్యూరిక్ 1-0తో గెలిచింది. సంబరం లేదు. కప్ అందుకున్న కుర్రాళ్ల ముఖాల్లో నవ్వు లేదు. మరుసటి సీజన్ రెండో డివిజన్‌లో ఆడుతూనే యూరోపా లీగ్ గ్రూపుల్లోనూ ఆడారు. ఆ ఫైనల్ రోజున తెలియనివాళ్లు చూస్తే ఎవరు ఓడారో ఎవరు గెలిచారో చెప్పలేరు.

1967 ఫైనల్ గురించి ఒక్క మాట. బాసెల్, లోజాన్. 1-1. ఆట ముగియబోతుండగా రిఫరీ బాసెల్‌కు పెనాల్టీ ఇచ్చాడు, హెల్ముట్ హౌజర్ గోల్ కొట్టాడు. లోజాన్ ఆటగాళ్లు గొడవ పడలేదు, రిఫరీని తోయలేదు. మైదానంలోనే కూర్చుండిపోయారు. మళ్లీ ఆడలేదు. మ్యాచ్ ఆపేసి బాసెల్ 3-0తో గెలిచినట్టు ప్రకటించారు. సత్యాగ్రహం తెలిసిన మనకు ఆ కూర్చోవడం వెనకున్న ఉక్రోషం వేరే ఎవరూ విప్పి చెప్పక్కర్లేదు. పెనాల్టీ సరైనదా కాదా అని ఇక్కడి పెద్దవాళ్లు ఇప్పటికీ వాదించుకుంటారు.

పెద్దలు ఓడిన రోజులూ ఉన్నాయి. 2021 అక్టోబరులో మూడో డివిజన్ ఎత్వాల్ కరూజ్, బాసెల్‌ను 1-0తో ఇంటికి పంపింది. అలాంటివి చిన్నాచితకా చాలా ఉన్నాయి. 2025లో జరిగింది మాత్రం వేరు.

బీల్. గడియారాల ఊరు, వీధి పేర్లు కూడా జర్మన్‌లో, ఫ్రెంచ్‌లో రెండేసి. క్లబ్ మూడో డివిజన్‌లో ఉంది. లుగానోను కొట్టింది. సెమీస్‌లో, సొంత మైదానంలో, ముందు ఏడాది ఛాంపియన్ యంగ్ బాయ్స్‌ను 1-0తో కొట్టింది. స్విస్ కప్ పుట్టినప్పటి నుంచి మూడో డివిజన్ జట్టు ఫైనల్ చేరడం అదే మొదలు. జూన్ 1న బెర్న్‌లో బాసెల్‌తో ఫైనల్. టికెట్ కోసం నానా తిప్పలు పడి వెళ్లాను. బీల్ వాళ్ల వైపే కూర్చున్నాను. నా పక్కన డెబ్బయ్ అయిదేళ్లుంటాయేమో, ఒక పెద్దాయన. వాచీ కంపెనీలో పనిచేసి రిటైరయ్యాడట. 1961 ఫైనల్‌ను వాళ్ల నాన్న పక్కన నిలబడి చూశానన్నాడు. అప్పుడు లా షో-దె-ఫోన్ చేతిలో 0-1. మళ్లీ ఫైనల్ చూడటానికి అరవై నాలుగేళ్లు పట్టిందన్నాడు.

బాసెల్ 4-1తో గెలిచింది. లీగ్, కప్ రెండూ ఒకే ఏడాది. గెలవాల్సినవాళ్లే గెలిచారు.

బీల్ గోల్ పడ్డప్పుడు ఆయన లేవలేదు. నా చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. ఆట అయ్యాక మెట్లు దిగుతుంటే, ఓడినందుకు బాధగా ఉందా అని అడిగాను. తల అడ్డంగా ఊపాడు.

"అప్పుడు మేము గోల్ కొట్టలేదు బాబూ," అన్నాడు. "ఈసారి ఒకటి కొట్టాం."