ఎక్స్‌పార్టీ డిక్రీ అయిపోయిందా? గడువు దాటినా తలుపు మూసుకుపోలేదు

నమస్కారం అండీ. ఒక సంగతి ఊహించుకోండి. ప్రామిసరీ నోటు మీద దావా పడింది. మనిషేమో దుబాయ్‌లో ఉన్నాడు. జగిత్యాల దగ్గర ఊళ్లో తాళం వేసి ఉన్న ఇంటి తలుపుకి సమన్లు అంటించి వెళ్లారు. వాయిదా రోజు కోర్టులో పేరు పిలిచారు, పలికినవాళ్లు లేరు. ఎక్స్‌పార్టీ డిక్రీ, అంటే ఆయన హాజరు లేకుండానే ఇచ్చిన తీర్పు, అయిపోయింది. రెండేళ్ల తర్వాత సెలవుకి ఇంటికొస్తే చేతికి ఈపీ నోటీసు, అంటే ఇల్లు జప్తు చేయమని వేసిన పిటిషన్ నోటీసు. ఆ ఇంట్లో టెన్షన్ ఎలా ఉంటుందో చెప్పక్కర్లేదు.

సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 9 రూల్ 13 కింద ఆ డిక్రీని రద్దు చేయమని అడగొచ్చు. గడువు 30 రోజులు. ఎప్పటి నుంచి? మామూలుగా డిక్రీ తేదీ నుంచి. సమన్లు సరిగ్గా అందకపోతే మాత్రం, డిక్రీ సంగతి మీకు తెలిసిన రోజు నుంచి. లిమిటేషన్ చట్టం 123వ ఆర్టికల్ చెప్పేది ఇదే. కాబట్టి మన దుబాయ్ మనిషి నోటీసు అందిన 30 రోజుల్లోపు వేస్తే అసలు ఆలస్యమే లేదని వాదించొచ్చు. అయినా జాగ్రత్త కోసం అదే లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషన్ కూడా జత చేయించుకోండి.

ఈ రెండు పిటిషన్లూ వేరు వేరు ప్రశ్నలకి జవాబులు. వాయిదా రోజు ఎందుకు రాలేదు అన్నది ఒకటి. తర్వాత ఇన్నాళ్లూ ఎందుకు ఊరుకున్నావు అన్నది రెండోది. చాలా అఫిడవిట్లలో ఈ రెండూ కలగాపులగం అయిపోతాయి.

ఇంకా బాధ కలిగించేది, అరువు తెచ్చుకున్న కారణం. "పచ్చకామెర్లు వచ్చి, నాటు మందు తీసుకుంటూ మంచాన పడ్డాను" అనే వాక్యం మన కోర్టుల్లో ఎన్ని అఫిడవిట్లలో ఉంటుందో! నిజంగా జబ్బు చేసినవాడి మాట కూడా దీనివల్ల తేలికైపోతోంది. నిజం ఏదైతే అదే రాయించండి. దుబాయ్‌లో ఉంటే పాస్‌పోర్టు మీద వచ్చిన, వెళ్లిన ముద్రలుంటాయి. వాటి కాపీలు పెట్టండి.

1998లో సుప్రీంకోర్టు తీర్పు ఒకటుంది, ఎన్. బాలకృష్ణన్ కేసు. తమిళనాడుది. ఆయన మీద ఎక్స్‌పార్టీ డిక్రీ అయింది. రద్దు చేయమని వేసిన పిటిషనూ హాజరు లేక కొట్టేశారు. మళ్లీ కోర్టుకి వచ్చేసరికి 883 రోజుల ఆలస్యం. వకీలు తనకి ఏమీ చెప్పలేదన్నాడు. ఊరికే అనడం కాదు, ఆ వకీలు మీద వినియోగదారుల ఫోరానికి వెళ్లి 50,000 రూపాయల పరిహారం కూడా తెచ్చుకున్నాడు. కింది కోర్టు మన్నించింది, హైకోర్టు కాదంది, సుప్రీంకోర్టు మళ్లీ మన్నించింది. ఎన్ని రోజులన్నది ముఖ్యం కాదు, చెప్పిన కారణం నమ్మదగ్గదా అన్నదే ముఖ్యం అంది. అవతలివాళ్లు పడ్డ తిప్పలకి 10,000 కట్టమని కూడా చెప్పింది.

అలాగని ఎంత ఆలస్యమైనా చెల్లుతుందనుకోవద్దు. 2024 ఏప్రిల్‌లో మన తెలుగుగంగ భూసేకరణ కేసు ఒకటి అక్కడికే వెళ్లింది. అది అప్పీలు, కానీ సెక్షన్ అదే. 5,659 రోజుల ఆలస్యం, అంటే పదిహేనేళ్లు దాటింది. మన్నించలేదు.

అందుకే నోటీసు చేతికొచ్చిన రోజే కవరు మీద తేదీ రాసి దాచండి. మర్నాడే వకీలు దగ్గరికి వెళ్లండి. ఈపీ ఆపమని స్టే పిటిషన్ కూడా అప్పుడే వేయించండి. కోర్టు డిక్రీ రద్దు చేసినా, కొంత డబ్బు డిపాజిట్ చేయమని షరతు పెట్టొచ్చు. ఆ డబ్బు ఇప్పటి నుంచే చూసుకోండి.