ఫ్రాంకో పోయాక స్పెయిన్ సినిమా

మిత్రులారా, నమస్కారం. సెన్సారు అతి తెలివికి పోతే ఏమవుతుందో ముందు చెప్తాను. 1953 నాటి హాలీవుడ్ సినిమా ‘మొగాంబో’లో పెళ్లయిన గ్రేస్ కెల్లీ, క్లార్క్ గేబుల్ మీద మనసు పడుతుంది. నియంత జనరల్ ఫ్రాంకో ఏలుతున్న స్పెయిన్‌లో అది కుదరదు. డబ్బింగ్‌లో మాటలు మార్చి ఆ భార్యాభర్తలను అన్నాచెల్లెళ్లను చేసేశారు. తీరా చూస్తే తెరమీద ఆ ఇద్దరి చనువు అన్నాచెల్లెళ్లకు ఉండేది కాదు! ఒక తప్పు కప్పబోయి అంతకన్నా ఘోరమైనది ప్రేక్షకుల ముందు పెట్టారు.

1975 నవంబర్ 20న ఫ్రాంకో చనిపోయాడు. 1977 చివర్లో సినిమా సెన్సారు రద్దయింది. 1961లో కాన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో పెద్ద బహుమతి గెలిచిన స్పెయిన్ దర్శకుడు బున్యుయెల్ సినిమా ‘విరిడియానా’ పదహారేళ్లకు గానీ సొంత దేశంలో ఆడలేదు. బట్టలు విప్పే సినిమాలు కూడా వరదలా వచ్చాయి. వాటి గురించి చెప్పడానికి పెద్దగా ఏమీ లేదు, మూత తీస్తే ముందు వచ్చేది ఆవిరే.

అసలు పరీక్ష పిలార్ మిరో అనే దర్శకురాలికి ఎదురైంది. 1979లో ఆమె ‘ఎల్ క్రీమెన్ దె క్వెంకా’ (క్వెంకా నేరం) తీసింది. జరిగిన కథే. 1910లో ఒక గొర్రెల కాపరి కనబడకుండా పోయాడు. ఇద్దరిని సివిల్ గార్డులు, అంటే సైన్యం తరహా పోలీసులు, పట్టుకెళ్లి, చిత్రహింసలు పెట్టి, మేమే చంపామని ఒప్పించారు. వాళ్లు ఏళ్ల తరబడి జైల్లో మగ్గారు. 1926లో ఊరి చర్చి ఫాదర్‌కి ఒక ఉత్తరం వచ్చింది: ఫలానా అతను పెళ్లి చేసుకుంటున్నాడు, బాప్టిజం సర్టిఫికెట్ పంపండి అని. చచ్చినవాడికి పెళ్లి!

అప్పటికి సెన్సారు లేదు. 1978లో కొత్త రాజ్యాంగం కూడా వచ్చింది. అయినా సినిమాను ఆపేసి, మిరో మీద సైనిక కోర్టులో కేసు నడిపారు. అరవై ఏళ్ల పాత దెబ్బలకు ఇంత కోపమెందుకు? ఆ యూనిఫాం ఇంకా వీధుల్లో తిరుగుతోంది కాబట్టి. 1981 ఫిబ్రవరిలో అదే సివిల్ గార్డులు తుపాకులతో పార్లమెంటులోకి చొరబడ్డారు. ఆ కుట్ర విఫలమైంది. ఆగస్టులో సినిమా విడుదలైతే జనం ఎగబడి చూశారు.

1982లో సోషలిస్టులు గెలిచారు. నిన్నటి ముద్దాయి మిరోకే ప్రభుత్వ సినిమా శాఖ అప్పజెప్పారు. సినిమా మొదలుపెట్టకముందే సర్కారు డబ్బు అందేలా 1983లో ఆమె కొత్త నిబంధనలు తెచ్చింది. ఆ డబ్బు ఎవరికి ఇస్తున్నారు, ఎందుకిస్తున్నారు అని సినిమావాళ్లు ఆమెను బాహాటంగానే తిట్టిపోశారు. ఈసారి ఎవరి మీదా సైనిక కోర్టులో కేసు పెట్టలేదు.