సెప్టెంబర్ 17న టీవీలో వచ్చే ఆ ఫోటో ఏనాటిది?

[తెరపై: నలుపు తెలుపు ఫోటో. బేగంపేట విమానాశ్రయం.]

వ్యాఖ్యానం:
ఈ ఫోటో చూడని హైదరాబాదీ అరుదు. చేతులు జోడించిన నిజాం, ఎదురుగా సర్దార్ పటేల్. ఏటా సెప్టెంబర్ 17 వచ్చిందంటే టీవీల్లో ఇదే కనిపిస్తుంది. కింద ‘లొంగిపోయిన నిజాం’ అనే అక్షరాలు.

ఆ రోజు పటేల్ హైదరాబాద్‌లోనే లేరు! 1948 సెప్టెంబర్ 17న నిజాం కాల్పుల విరమణ ప్రకటించారు. మర్నాడు ఆయన సైన్యాధిపతి ఎల్ ఎద్రూస్, భారత సైన్యపు మేజర్ జనరల్ జె.ఎన్. చౌధురి ఎదుట లొంగిపోయారు. పటేల్ ఇక్కడికి వచ్చింది 1949 ఫిబ్రవరిలో. ఫోటో అప్పటిది.

[తెరపై: ఎడిటింగ్ గది. గోడ గడియారం.]

తిట్టుకోకండి, ఒకప్పుడు నేనూ ఈ ఫోటోను ఇలాగే వాడాను. బులెటిన్‌కు పది నిమిషాలుంది. వ్యాఖ్యానం సిద్ధంగా ఉంది, దాని మీద వేయడానికి బొమ్మ లేదు. ‘ఏదో ఒక ఫైల్ షాట్ వేసెయ్యి’ అన్నారు. వేశాను. ఎవరూ ఫోన్ చేయలేదు. మరుసటి ఏడాది నేను వేసిందే చూసి ఇంకొకరు వేసి ఉంటారు.

[తెరపై: మూకీ దృశ్యం. జనం గబగబా నడుస్తుంటారు.]

పాత దృశ్యాల్లో తేదీ ఒక్కటే కాదు, నడకా మారిపోతుంది. మూకీల రోజుల్లో కెమెరాను చాలావరకు చేత్తో తిప్పేవారు. సెకనుకు 16, 18 ఫ్రేములు, అంటే విడి బొమ్మలు, పడేవి. టాకీలతో 24 స్థిరపడింది. 16 చొప్పున తీసినదాన్ని 24తో ఆడిస్తే, 90 సెకన్ల ఊరేగింపు 60 సెకన్లలో వెళ్లిపోతుంది. తాతల కాలంలో అందరూ కీ ఇచ్చిన బొమ్మల్లా నడిచేవారని మనం నవ్వుకుంటాం. ఇప్పుడు కంప్యూటర్‌తో మధ్య ఫ్రేములు పుట్టించి సరిచేస్తున్నారు. పనిలో పనిగా రంగులూ వేస్తున్నారు, అదే నాకు మింగుడు పడదు. ఆ తలపాగా ఎరుపో పసుపో చెప్పేదెవరు?

[తెరపై: చార్మినార్ ముందు ఒక మనిషి. ఫ్రేము పైనుంచి, కిందినుంచి కుదించుకుపోతుంది.]

ఇక కొలత. పాత దృశ్యం వెడల్పు, ఎత్తుల నిష్పత్తి 4:3, మన తెరది 16:9. తెర నిండా పట్టించాలంటే ఎత్తులో పావు వంతు కోసేయాలి. మినార్ల కొసలు పోవాలి, లేదా మనిషి కాళ్లు పోవాలి. అడ్డంగా సాగదీస్తే మనిషి బొద్దుగా అయిపోతాడు. రెండు పక్కలా నల్ల పట్టీలు వదిలేయడమే నయం. ‘తెర ఖాళీగా ఉంది’ అని పైవాళ్లు సణుగుతారు, సణగనివ్వండి.

[తెరపై: మొదటి ఫోటో మళ్లీ. రెండు పక్కలా నల్ల పట్టీలు. కింద అక్షరాలు: ‘బేగంపేట, 1949 ఫిబ్రవరి’.]