‘అమెరికన్ మూవీ’: ఒక హారర్ సినిమాకి డబ్బు ఎక్కడి నుంచి వచ్చింది?

[తెర మీద: వంటిల్లు, మూసి ఉన్న కబోర్డ్ తలుపు]

సీన్ చాలా చిన్నది. ఒకడు ఇంకొకడి తల పట్టుకుని వంటింటి కబోర్డ్‌కేసి కొట్టాలి, తలుపు పగిలి తల లోపలికి వెళ్ళాలి. డైరెక్టరే ఆ తల పట్టుకున్నాడు, బలంగా నెట్టాడు. తలుపు పగల్లేదు, నటుడికి మాత్రం గట్టి దెబ్బ తగిలింది. స్టంట్ మాస్టర్ లేడు, డూప్ లేడు. మళ్ళీ చేశారు.

మొదటిసారి చూసినప్పుడు నవ్వాను. రెండోసారి నవ్వు రాలేదు. ఎందుకో ఈ వీడియోలో చెప్తాను.

ఈ దృశ్యం ‘అమెరికన్ మూవీ’ అనే డాక్యుమెంటరీలోది. 1999లో అమెరికాలో చిన్న సినిమాలకి పేరున్న సన్‌డాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో డాక్యుమెంటరీ విభాగంలో గ్రాండ్ జ్యూరీ ప్రైజ్ గెలిచింది. దర్శకుడు క్రిస్ స్మిత్, నిర్మాత సారా ప్రైస్. వాళ్ళ కెమెరా ముందున్న మనిషి, ఇందాక ఆ తల నెట్టిన డైరెక్టర్, మార్క్ బోర్షార్ట్. అమెరికాలోని విస్కాన్సిన్ రాష్ట్రంలో, మిల్వాకీ పక్కన మెనోమనీ ఫాల్స్ అనే ఊళ్ళో ఉంటాడు. అప్పటికి వయసు ముప్ఫై దాటుతోంది, ముగ్గురు పిల్లలు. పేపర్లు వేస్తాడు, శ్మశానవాటికలో ఊడ్చి తుడిచే పని చేస్తాడు. వచ్చే కవర్లు చాలావరకు కట్టాల్సిన బిల్లులే. అయినా పద్నాలుగు, పదిహేనేళ్ళ వయసు నుంచీ స్నేహితులతో కలిసి సూపర్ 8 అనే చిన్న ఫిల్మ్ కెమెరాతో హారర్ సినిమాలు తీస్తూనే ఉన్నాడు.

అతని అసలు కల ‘నార్త్‌వెస్టర్న్’ అనే పూర్తి నిడివి సినిమా. డాక్యుమెంటరీ మొదలయ్యేసరికి దాని పనిలోనే ఉంటాడు. మీటింగులు పెడతాడు, మనుషుల్ని పోగు చేస్తాడు. డబ్బు మాత్రం లేదు. అప్పుడు పాత ప్రాజెక్టు ఒకటి బయటికి తీస్తాడు. సగంలో ఆగిపోయిన ‘కోవెన్’ అనే నలుపు తెలుపు హారర్ సినిమా అది, నిడివి సుమారు 40 నిమిషాలు. దాన్ని పూర్తి చేసి, వీడియో క్యాసెట్లు అమ్మి, ఆ డబ్బుతో పెద్ద సినిమా తీయాలని ప్లాన్.

ఈ పేరుకి సరైన ఉచ్చారణ ‘కవెన్’. మంత్రగత్తెల గుంపు అని అర్థం. ఇంగ్లీషువాళ్ళు ఓవెన్‌ని ‘అవెన్’ అంటారు కదా, ‘కవెన్’ అంటే ఆ ఓవెన్‌లాగే వినిపిస్తుందని మార్క్ ససేమిరా ఒప్పుకోడు. చివరిదాకా ‘కోవెన్’ అనే అంటాడు.

[తెర మీద: 3,000 × 14.95 = 44,850]

లెక్క చూడండి. ఒక్కో క్యాసెట్ 14.95 డాలర్లు. 3,000 అమ్మితే 44,850 డాలర్లు. కాగితం మీద బాగానే ఉంది. కానీ ముందు సినిమా పూర్తి కావాలి కదా. దానికి డబ్బు పెట్టింది మార్క్ వాళ్ళ అంకుల్ బిల్. ఎనభై దాటిన పెద్దాయన, ట్రైలర్ ఇంట్లో, అంటే చక్రాల మీద కదిలించగలిగే ఇంట్లో, ఒంటరిగా ఉంటాడు. మార్క్ ఆయన దగ్గర కూర్చుని లెక్కంతా చెప్తాడు. ఆయన వింటాడు. నమ్మకం కుదిరినట్టు కనిపించదు. అయినా 3,000 డాలర్లు ఇస్తాడు.

ఆ రోజుల్లో ఈ డబ్బు ఎలా కరిగిపోతుందో ఇప్పుడు ఫోన్‌తో షార్ట్ ఫిల్మ్ తీసేవాళ్ళకి ఊహకి అందదు. మార్క్ తీసేది 16 ఎంఎం ఫిల్మ్ మీద. 100 అడుగుల రీలు సెకనుకి 24 ఫ్రేముల చొప్పున మూడు నిమిషాలు కూడా రాదు. ఫిల్మ్ కొనాలి, ల్యాబ్‌లో కడిగించాలి, ప్రింట్ వేయించాలి. నటుడు డైలాగ్ తప్పినా, కబోర్డ్ తలుపు పగలకపోయినా ఆ ఫిల్మ్‌తోపాటు డబ్బూ పోయినట్టే. ఆ కబోర్డ్ సీన్‌లో మార్క్ ముఖం మీద టెన్షన్ నాకు రెండోసారి కనిపించింది అందుకే.

రెండోసారి నవ్వు రాకపోవడానికి ఇంకో కారణం కూడా ఉంది. కాలేజీలో మేమూ ఒక దయ్యం షార్ట్ ఫిల్మ్ తీశాం. హారర్ ఎందుకంటే స్టార్ అక్కర్లేదు, ఒక పాత ఇల్లూ ఒక రాత్రీ ఉంటే చాలనుకున్నాం. లైట్ల అద్దెకి డబ్బిచ్చింది మా మావయ్య. కథ ఏంటని కూడా అడగలేదు. “జాగ్రత్తరా, రాత్రిపూట తిరగొద్దు” అన్నాడంతే. ఆ సినిమా పూర్తి కాలేదు. ఆ డబ్బు గురించి ఆయన మళ్ళీ ఎప్పుడూ ఎత్తలేదు.

మార్క్ సినిమాకి పనిచేసినవాళ్ళంతా అలాంటివాళ్ళే. కన్నతల్లి ఒక రోజు సినిమాలో కనిపించడానికి వస్తుంది, ఇంకో రోజు కెమెరా పట్టుకుంటుంది. చిన్ననాటి స్నేహితుడు మైక్ షాంక్ పిలిస్తే చాలు వచ్చేస్తాడు. తాగుడూ మత్తుమందులూ మానేసి నిలబడ్డ మనిషి, మెల్లగా మాట్లాడతాడు, గిటార్ మాత్రం అద్భుతంగా వాయిస్తాడు. డాక్యుమెంటరీలో మీరు వినే గిటార్ అతనిదే. 2022లో చనిపోయాడు.

ఎడిటింగ్ జరిగింది మిల్వాకీలోని యూనివర్సిటీలో. బొమ్మ రీలు వేరు, శబ్దం రీలు వేరు, రెంటినీ బల్లలాంటి మెషిన్ మీద పక్కపక్కనే నడిపిస్తూ చేత్తో కోసి అతికించాలి. పిల్లలు పక్కన ఆడుకుంటూ ఉంటే మార్క్ ఆ పని చేస్తుంటాడు. క్రిస్ స్మిత్‌కి మార్క్ పరిచయమైందీ అక్కడే. అప్పుడు స్మిత్ కూడా చేతిలో డబ్బుల్లేకుండా తన మొదటి సినిమా ఎడిట్ చేసుకుంటున్నాడు.

నాకు ఇది చాలా ముఖ్యమైన విషయం అనిపిస్తుంది. ఈ డాక్యుమెంటరీ పేదవాళ్ళని చూపించి నవ్విస్తోందని కొందరు విమర్శించారు. నేను ఒప్పుకోను. పక్క బల్ల మీద అదే పని చేస్తున్నవాడు మార్క్‌ని పైనుంచి చూడలేడు.

కావాలంటే బిల్ డబ్బింగ్ చెప్పే సీన్ చూడండి. ఆయన చెప్పాల్సింది ఒక్క డైలాగ్. జీవించడానికి ఏదో ఒకటి ఉందని దాని భావం. ముప్ఫై టేక్‌లు దాటినా ఆ మాటలు సరిగ్గా పడవు. మార్క్ మళ్ళీ చెప్పిస్తాడు, ఆయన మళ్ళీ మర్చిపోతాడు, విసుక్కుంటాడు, మళ్ళీ మొదలుపెడతాడు. నవ్వు వస్తుంది, నిజమే. కానీ కెమెరా అక్కడి నుంచి కదలదు. చూస్తూ ఉండగా అది సినిమా పనిలా కాకుండా, ఒక పెద్దాయన దగ్గర కూర్చుని ఓపిగ్గా మాట్లాడించడంలా కనిపిస్తుంది. ఇంకో సీన్‌లో మార్క్ ఆయనకి స్నానం చేయిస్తాడు. ఆ చేతులు ఎంత జాగ్రత్తగా ఉంటాయో చూడండి.

1997లో ‘కోవెన్’ సొంత ఊరివాళ్ళ మధ్య మిల్వాకీ థియేటర్‌లో పడింది. రెండేళ్ళ తర్వాత సన్‌డాన్స్‌లో ‘అమెరికన్ మూవీ’కి బహుమతి వచ్చిన ఏడాదే, అదే ఫెస్టివల్‌లో ‘ది బ్లెయిర్ విచ్ ప్రాజెక్ట్’ కూడా ఆడింది. అడవిలో కొంతమంది కుర్రాళ్ళు తీసిన చిన్న హారర్ సినిమా. ప్రపంచమంతా కలిపి దాదాపు 25 కోట్ల డాలర్లు వసూలు చేసింది. మార్క్ చిన్నప్పటి నుంచీ కన్న కల నిజంగానే జరిగింది, కాకపోతే వేరేవాళ్ళకి జరిగింది. క్రిస్ స్మిత్ తర్వాత చాలా డాక్యుమెంటరీలు తీశాడు, 2019లో నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన ‘ఫైర్’ ఆయనదే.

[తెర మీద: నలుపు, శబ్దం లేదు]

అంకుల్ బిల్ 1997 సెప్టెంబర్‌లో, ‘కోవెన్’ పూర్తయిన కొద్ది కాలానికే కన్నుమూశాడు. ఆ మాట డాక్యుమెంటరీ చివర్లో అక్షరాలుగా పడుతుంది. ‘నార్త్‌వెస్టర్న్’ పూర్తి చేసుకోమని మార్క్ పేరున 50,000 డాలర్లు రాసి వెళ్ళాడు.

అది చదివాక ఒకసారి వెనక్కి వెళ్ళండి. మార్క్ 3,000 క్యాసెట్ల లెక్క చెప్తున్న చోట ఆపి, ఈసారి మార్క్‌ని వదిలేసి బిల్ ముఖం చూడండి.